సీసాలో నీళ్లు పట్టిన పెద్దమనిషి

పెళ్లి సంబంధం చెడగొట్టాలంటే గిట్టనివాడు ఒకడు కావాలి. దాయాదో, పక్కింటాయనో, పొలం గట్టు దగ్గర తగాదా ఉన్నవాడో ఎవరో ఒకరు పూనుకోవాలి. లోకంలో అందరికీ అలాగే జరుగుతుంది. నా సంబంధం చెడగొట్టినవాడు మాత్రం నా చొక్కా తొడుక్కుని, నా చాయ్ తాగుతూ, నా నోటితోనే ఆ పని పూర్తి చేశాడు. వాడి మీద పగ తీర్చుకుందామంటే గడ్డం గీసుకునేటప్పుడు తప్ప ఎదురుపడడు. అప్పుడు చేతిలో బ్లేడు ఉంటుంది గానీ ధైర్యం ఉండదు.

అది తొంభైల నాటి మాట. డిగ్రీ అయ్యాక బ్యాంకు పరీక్ష కోసం హైదరాబాదులో కోచింగుకు వెళ్లాను. అక్కడ రీజనింగు అని ఒక విద్య నేర్పేవారు. పిల్లులన్నీ బల్లలు. బల్లలన్నీ కుర్చీలు. అయితే పిల్లులన్నీ కుర్చీలా, కావా? ఇదీ ప్రశ్న. మామూలు మనిషి అయితే పిల్లి బల్ల ఎట్లా అవుతుందని లేచి ఇంటికి పోతాడు. నేను పోలేదు. అందులో మునిగిపోయాను. బ్యాంకు ఉద్యోగం రాలేదు గానీ జబ్బు మాత్రం అంటుకుంది. ఎవరు ఏ మాట చెప్పినా, ఏ వస్తువు కంటపడినా, దాన్ని పిండి లోపలి అర్థం బయటికి తీయందే నాకు నిద్ర పట్టేది కాదు.

ఒక ఉదాహరణ చెబుతాను, రోగం ఎంత ముదిరిందో మీకే తెలుస్తుంది. వాన పడితే నేల తడుస్తుంది కదా. తర్వాత ఫ్యాక్టరీలో చేరాక ఒకరోజు పొద్దున తలుపు తీస్తే వాకిలి తడిసి ఉంది. కాబట్టి వాన పడింది, పడింది కాబట్టి ఇంకా పడుతుందని తేల్చుకుని, మండుటెండలో గొడుగు వేసుకుని ఫ్యాక్టరీ దాకా నడిచాను. ఇంటి ఓనరమ్మ రోజూ పొద్దున్నే వాకిట్లో సాన్పి నీళ్లు చల్లుతుందన్న సంగతి నాకు తెలియదా అంటే తెలుసు. తెలిసిన సంగతి పక్కన పెట్టి తెలియని సంగతి ఊహించడమే కదా తెలివంటే! గేటు దగ్గర వాచ్‌మన్ నా గొడుగును చూసి ఆకాశంవైపు చూసి, మళ్లీ గొడుగునే చూశాడు. వానకు నేల తడుస్తుంది గానీ, తడిసిన ప్రతి నేలా వానను చూసినట్టు కాదని కోచింగులో మా సారు ఒక పూటంతా చెప్పారట. ఆ పూట నేను బస్సు పాసు చేయించుకోవడానికి వెళ్లాను. ఆ ఒక్క పాఠం తప్పిపోయిన ఫలితమే ఈ కథ.

బ్యాంకు తలుపు వేశాక పటాన్‌చెరు దగ్గర ఒక మందుల ఫ్యాక్టరీలో, ల్యాబులో ఉద్యోగం దొరికింది. మా ఊరు కొండాపూర్ మండలంలో. అమ్మ అక్కడే ఉండేది. నేనూ ప్రభాకర్ కలిసి ఫ్యాక్టరీ దగ్గరే ఒక గదిలో ఉండేవాళ్లం. ప్రభాకర్‌ది మెదక్ వైపు చర్చి కుటుంబం. నాతోపాటే ల్యాబులో పని. నోరు తెరిస్తే నిజం తప్ప రాదు. ఆ గుణం వల్ల వాడికి ఎన్ని ఇబ్బందులు వచ్చాయో తర్వాత చెబుతాను. వాటిలో పెద్దది నా పుణ్యమే.

ఉద్యోగం బాగానే ఉంది, వాసనతోనే చిక్కు. అది ఒంటికి పట్టిందంటే సబ్బుకు లొంగదు. బస్సులో నా పక్క సీటు ఎప్పుడూ ఖాళీ. మొదట్లో నాకు మర్యాద ఇస్తున్నారనుకున్నాను. పెళ్లి సంబంధాలు కూడా ఆ సీటు లాగానే తయారయ్యాయి. వచ్చినవాళ్లు చాయ్ తాగేవారు, కిటికీ వైపు చూసేవారు, వెళ్లిపోయేవారు. మా మేనమామ కిష్టయ్య వాళ్ల జవాబు మోసుకొచ్చేవాడు.

"ఏమన్నరు మామా?"

"పిలగాడు మంచోడేనట అల్లుడా. గాలే మంచిగ లేదట."

అలాంటి రోజుల్లో సదాశివపేటలో ఒక పెళ్లిలో అరుణను చూశాను. సంగారెడ్డిలో ఒక బడిలో లెక్కలు చెబుతుందట. వాళ్ల నాన్న ఆ పెళ్లికి రాలేదు, తల్లితో వచ్చింది. బంతిలో పెరుగు వడ్డిస్తూ నా దగ్గర ఆగింది. ముక్కు మూసుకోలేదు, కొంగు అడ్డం పెట్టుకోలేదు, రెండోసారి వచ్చి "ఇంకొంచెం ఏస్కోండ్రి" అని కూడా అంది. అప్పటికే నాకు పెరుగు చాలు. అయినా వేయించుకున్నాను. ఆమె మూడోసారి కూడా వస్తే ఆ గిన్నె ఖాళీ చేసేవాడిని. ఇంటికి వెళ్లి అమ్మతో చెప్పేశాను, చేసుకుంటే ఆమెనే చేసుకుంటానని. అమ్మ మామను పరుగెత్తించింది. మామ వాళ్లింటికి వెళ్లి వచ్చి, కండువా దులిపి భుజాన వేసుకుని చల్లగా కబురు చెప్పాడు.

"వొచ్చే ఆయితారం ఇల్లు చూస్తందుకు వొస్తరంట. పిల్ల తండ్రి హెడ్మాస్టరు. మస్తు పట్టింపు మనిషి. జెర నోరు అదుపుల పెట్టుకో అల్లుడా."

నోరు అదుపులో పెట్టుకోవాల్సింది ఆదివారం నాడని నేను అర్థం చేసుకున్నాను. గురువారం గురించి ఆయన ఏమీ చెప్పలేదు.

ఇక్కడ మీకు మా గేటు సంప్రదాయం ఒకటి చెప్పాలి. మా ప్రాంతంలో ఫ్యాక్టరీ పిల్లగాడికి పిల్లనిచ్చే ముందు, పిల్లవైపు వాళ్లు చెప్పాపెట్టకుండా వచ్చి గేటు ముందు చాయ్ హోటల్లో వాకబు చేస్తారు. అందుకని మా మధ్య ఒక ఒప్పందం ఉండేది. ఎవడి గురించి ఎవరు అడిగినా మిగతావాళ్లంతా వాడు దేవుడని చెప్పాలి. పేకాట మొనగాడిని భజన మండలి సభ్యుడని చెప్పి పెళ్లి చేయించిన చరిత్ర మాది. నేను కూడా ఎంతోమందికి ఇలా అబద్ధపు పుణ్యం కట్టుకున్నాను. అటువంటి నేను ఒక్క నా విషయంలోనే ఆ ఒప్పందం తప్పాను.

తప్పడానికి కారణం లేకపోలేదు. ఆ వారమే మా మేనేజరు ల్యాబు వాళ్లందరినీ నిలబెట్టి క్లాసు పీకాడు.

"పొల్యూషన్ ఆఫీసర్లు ఏరియాల తిరుగుతున్నరు. బయటోడు ఎవడడిగినా ఒక్కటే మాట, మాలూమ్ నహీ, మాకు తెల్వదు. ల్యాబోళ్లు ఇంకా హుషారుగ ఉండాలె. నీళ్లల్ల ఏమున్నదో మీకే ఎరుక అని మిమ్మల్నే పట్టుకొని కోర్టుకు గుంజుతరు. సాక్ష్యానికి పోయినోడు మళ్ల ఈ గేటు లోపటికి రాడు. సమఝయిందా?"

మా కంపెనీ ఏదో ఘోరం చేసేసిందని కాదు. ఆ రోజుల్లో ఆ భయం మా గాలిలోనే ఉండేది, వాసనతోపాటు. నాకు మాత్రం ఒక్క క్షణంలో మొత్తం అర్థమైపోయింది. సాక్ష్యానికి వెళితే ఉద్యోగం పోతుంది. ఉద్యోగం పోతే అరుణ పోతుంది. కాబట్టి సాక్ష్యానికి వెళితే అరుణ పోతుంది. మా కోచింగు సారు వింటే చంకలు గుద్దుకునేవారు. ఇంతవరకు తప్పేమీ లేదు.

ఇక గురువారానికి వద్దాం. నాకు మధ్యాహ్నం షిఫ్టు. కాస్త ముందే వచ్చి, గేటు ఎదురుగా ఖాజా భాయ్ హోటల్లో బల్ల మీద కూర్చున్నాను. ఖాజా భాయ్ మూకుడు ముందు మిర్చీలు వేస్తూ చెమటలో ఉన్నాడు. అప్పుడు నా కంటబడ్డాడు ఆ పెద్దమనిషి. రోడ్డు మీద జీపు ఒకటి అప్పుడే కదిలి పోతోంది, ఆయన అందులోంచి దిగినట్టున్నాడు. బూడిద రంగు సఫారీ సూటు, నల్లఫ్రేము కళ్లద్దాలు, చేతిలో రెగ్జిను బ్యాగు, జేబుకు ఎర్ర పెన్ను.

నా బుర్ర పని మొదలుపెట్టింది. ఆఫీసర్లు జీపులో వస్తారు. ఈయన జీపులో వచ్చాడు. ఆ జీపు సంగారెడ్డి సర్వీసు జీపు అని, వెనకాల జనం గబ్బిలాల్లాగా వేలాడుతున్నారని నాకు కనబడింది. కానీ లెక్కలోకి తీసుకోలేదు. ఎర్ర పెన్ను ఎందుకు? తప్పులు పట్టడానికి. అది మాత్రం సరిగ్గానే ఊహించాను.

పెద్దమనిషి తల ఎత్తి గాలి వాసన చూశాడు. మొహం చిట్లించాడు. నాలుగు అడుగులు అటు వేసి, మళ్లీ వాసన చూశాడు. తర్వాత హోటలు పక్కనున్న నల్లా దగ్గరికి వెళ్లి, బ్యాగులోంచి ఖాళీ సీసా తీసి, కడిగి, నిండా నీళ్లు పట్టి, ఎండకు ఎత్తి చూసి, మూత గట్టిగా బిగించి బ్యాగులో దాచుకున్నాడు.

ఇంకేం కావాలి? పొల్యూషన్ ఆఫీసర్లు సీసాలో నీళ్లు పడతారు. ఈయన సీసాలో నీళ్లు పట్టాడు. కాబట్టి ఈయన పొల్యూషన్ ఆఫీసరు. పిల్లి బల్ల అయిపోయింది, బల్ల కుర్చీ అయిపోయింది, ఆ కుర్చీలో నేను కూర్చుని ఉన్నాను.

ఆయన నేరుగా వచ్చి నా ఎదుట కూర్చున్నాడు.

"తమ్మీ, గీ కంపెనీలనే చేస్తవా?"

"ఆఁ సార్. అంటే, అప్పుడప్పుడు."

"విఠల్ అని ఒకాయన ల్యాబుల పనిచేస్తడట. ఎరుకేనా నీకు?"

విఠల్ అంటే నేనే. తాగుతున్న చాయ్ పక్కన పెట్టాను. ఇంత ఫ్యాక్టరీలో ల్యాబు వాడినే, అందులోనూ నన్నే పేరు పెట్టి అడుగుతున్నాడంటే అర్థమేమిటి? సాక్షిగా నన్ను ఎంచుకున్నాడన్నమాట. మీకు ఈపాటికి ఆయన ఎవరో తెలిసిపోయి ఉంటుంది. మీరు రీజనింగు కోచింగుకు వెళ్లలేదు కాబట్టి తెలిసింది.

"ఎరుకే సార్. ఏం పని ఆయనతోని?"

"ఏం లేదు. మనిషి ఎసొంటోడో జెర తెలుసుకుందామని."

సాక్షిని పిలిచే ముందు వాడి మాటకు విలువ ఉందో లేదో చూసుకుంటారు. విలువ లేదని తేలితే వదిలేస్తారు. తప్పించుకునే దారి నాకు సద్దిమూట విప్పినట్టు కనబడింది. విఠల్ మాటకు విలువ లేకుండా చేస్తే సరి.

"ఎందుకడుగుతరు సార్ ఆయన ముచ్చట," అని ఒక నిట్టూర్పు విడిచాను. "ఆయన నోట్లెకెల్లి నిజమనేది ఒక్కటంటే ఒక్కటి రాదు."

ఆయన కళ్లద్దాలు తీసి తుడుచుకున్నాడు. "అవునా? మంచోడన్నరే?"

"ఎవరు సార్ అన్నది? మా గేటు కాడ అందరు గట్లనే చెప్తరు. ఒకరికొకరు అనుకొని చెప్తరు. నమ్మకుండ్రి."

చూశారా, మా ఒప్పందం కూడా బయటపెట్టేశాను. ఏదైనా పని మొదలుపెడితే సగంలో వదిలే అలవాటు నాకు లేదు.

"తాగుతడా ఏమన్న?"

"ఏమన్ననా? పొద్దుగాల పళ్లు తోముకునే ముందే మొదలుపెడతడు. ల్యాబుల స్పిరిట్ సీసాలకు తాళం ఎందుకేసిండ్రనుకుంటున్నరు?"

ఆయన మొహం వాడిపోయింది. సాక్షి చేజారిపోతున్నందుకు ఆఫీసరు బాధపడుతున్నాడని నాకు లోపల ఒకటే సంబరం.

"జీవితాంతం నమ్ముకోవాల్సిన మనిషి గద తమ్మీ. గట్లెట్ల?"

జీవితాంతం అన్న మాట విని కూడా నాకు అనుమానం రాలేదు. కోర్టు కేసులు జీవితాంతం నడుస్తాయని ఎవరికి తెలియదు?

"నమ్ముకుంటే నట్టేట ముంచుతడు సార్. పిలిచిన పూటకు రాడు. వొచ్చినా ఏం మాట్లాడుతడో ఆయనకే ఎరుక ఉండదు."

ఆయన కాసేపు బల్ల మీద వేలితో గీతలు గీశాడు. తర్వాత మెల్లగా అడిగాడు. "తల్లి ఉన్నదట గద. ఆమెనన్న చూస్తడా? లేక గామెను గూడ గట్లనే..."

ఇక్కడ నా బండి ఆగింది. నన్ను నేను ఎంతైనా తిట్టుకోగలను, మన సొత్తే కదా. కానీ అమ్మను చూడనని నా నోటితో ఎట్లా అనను? పొద్దున లేచి పొయ్యి ముందు కూర్చునే ఆమె మొహం గుర్తొచ్చింది.

"లేదు సార్. తల్లిని మంచిగనే చూస్తడు. ఆయితారం ఆయితారం ఊరికి పోయి, వారానికి సరిపోయే కట్టెలు కొట్టిపెట్టి వొస్తడు."

"గదొక్కటన్న ఉన్నది," అని ఆయన లేచాడు. "మంచిది తమ్మీ. నువ్వు కనబడకపోతే మోసపోయేటోన్ని. నీ పుణ్యముంటది."

ఆ పుణ్యాన్ని మూటగట్టుకుని నేను కాలు మీద కాలేసుకుని కూర్చున్నాను. ఆయన రోడ్డు దాటి సంగారెడ్డి వైపు వెళ్లే జీపు ఎక్కాడు. అప్పుడే ప్రభాకర్ లూనా మీద దిగాడు. వాడికి జరిగింది గొప్పగా చెబుతుండగా, ఖాజా భాయ్ మిర్చీల పళ్లెం తెచ్చి నా ముందు పెట్టి, నన్ను గట్టిగా కౌగిలించుకున్నాడు.

"ముబారక్ విఠల్ భాయ్! గివి నా దిక్కుకెల్లి."

"దేనికి భాయ్?"

"నీకు కాబోయే మామ వొచ్చిండు గద. పొద్దుగాల ఒకపారి వొచ్చి నన్ను అడిగిండు. లడ్కా హీరా హై, వజ్రమసొంటోడు అని చెప్పిన. మస్తు ఖుష్ అయిండు. మళ్ల వొచ్చి నీతోనే కూసున్నడు. మామ, అల్లుడు ఇంతసేపు ముచ్చట పెడుతున్నరు, మధ్యల మనమెందుకని నేను మూకుడు కాడనే ఉన్న."

నోటిదాకా ఎత్తిన మిర్చి మళ్లీ పళ్లెంలో పెట్టాను.

"ఆయన పొల్యూషన్ ఆఫీసరు గాదా?"

"ఏం పొల్యూషన్ భాయ్? సంగారెడ్డి అవతల బడి పంతులు."

"మరి సీసాల నీళ్లు పట్టిండు?"

"బిడ్డ ఈడ కాపురం చెయ్యాలె గద. గీ నీళ్లల్ల పప్పు ఉడుకుతదా లేదా ఇంటికి పోయి పొయ్యి మీద పెట్టి చూస్తనన్నడు."

చూడండి, ఆయన ఎంత తెలివైనవాడో. వాసన చూసింది బిడ్డ పీల్చే గాలిని. సీసాలో పట్టింది బిడ్డ తాగే నీళ్లను. ఇంత ముచ్చటైన సంగతి నా కళ్ల ముందే జరిగితే, నేను దాన్ని కోర్టు దాకా తీసుకెళ్లాను. పెరుగు గిన్నె పట్టుకుని అరుణ వెనక్కి వెళ్లిపోతున్నట్టు కళ్లకు కట్టింది.

"అరె ప్రభాకర్, బండి తియ్యి!"

లూనాకు వేగం తక్కువ, చప్పుడు ఎక్కువ. అది కూడా నాలాంటిదే. ఎట్లాగో ఇస్నాపూర్ దగ్గర జీపు జనం కోసం ఆగితే అందుకున్నాం. నేను దూకి జీపు వెనక వేలాడుతున్నవాళ్ల కాళ్ల మధ్యలోంచి తల దూర్చాను.

"సార్! సార్! నేను చెప్పిందంత అబద్ధం!"

హెడ్మాస్టరు నన్ను గుర్తుపట్టాడు. "నువ్వా తమ్మీ? గదేంది? మరి ఎందుకు చెప్పినవ్?"

"మిమ్మల్ని పొల్యూషనోళ్లు అనుకున్న సార్. కోర్టుల సాక్ష్యం చెప్పాల్సొస్తదని..."

"విఠల్ సాక్ష్యం చెప్తే నీకేం పరేషాన్?"

జీపు మొత్తం చెవులు రిక్కించింది. ఒక ముసలమ్మ ఒళ్లో కోడి కూడా నావైపే చూస్తోంది.

"నేనే విఠల్ సార్."

జీపులో ఎవరో కిసుక్కుమన్నారు. హెడ్మాస్టరు నవ్వలేదు. కళ్లద్దాలు సవరించుకుని, బడిలో తప్పు లెక్క చేసిన పిల్లవాడిని చూసినట్టు చూశాడు.

"అంటే నీ గురించి నువ్వే చెప్పినవ్."

"ఆఁ సార్."

"బయటోడు చెప్తే ఇంకా అనుమానపడేటోన్ని, గిట్టక చెప్పిండేమో అని. సొంతోడే చెప్పినంక ఇగ ఎంక్వైరీ ఎందుకు?"

"అది గాదు సార్, నేను తాగ!"

"తాగినోళ్లంత గట్లనే అంటరు బిడ్డా," అంది కోడి ముసలమ్మ. జీపంతా ఔనంది. ప్రభాకర్ నా వైపు సాక్ష్యం చెబుదామని ముందుకు వచ్చాడు. "సార్, ఇతను సత్యంగ తాగడు. కానీ అబద్ధాలు మాత్రం..." అని, నిజం అడ్డొచ్చి ఆగిపోయాడు. డ్రైవరు గేరు వేశాడు. నేను పొగలో నిలబడ్డాను.

శనివారం మామ మండిపడుతూ గదికి వచ్చాడు. "పంతులు రానన్నడు. పప్పు ఉడికిందట గానీ పిలగాడే ఉడకలేదట. ఇంట్ల పులి, బయట పిల్లి అంటరు. నువ్వేందిరా, నీకు నువ్వే పులివి!"

ఆదివారం ఊరికి వెళితే అమ్మ అన్నం పెట్టి, పక్కన కూర్చుని, "పోనీ తీ బిడ్డా" అంది. ఆ ఒక్క మాటకు నాకు ఏడుపొచ్చింది. తిడితే బాగుండేది. అన్నం సగంలో వదిలి, దొడ్లోకి వెళ్లి గొడ్డలి తీసుకుని కట్టెలు కొట్టడం మొదలుపెట్టాను. నా మీద కోపమంతా ఆ తుమ్మమొద్దు మీద చూపించాను. ప్రతి దెబ్బకూ ఒక పిల్లి, ఒక బల్ల, ఒక కుర్చీ ముక్కలైపోతున్నాయి. ఒంటి మీద బనీను తడిసి ముద్దయింది.

దడి అవతల ఎవరో దగ్గారు. తల ఎత్తి చూస్తే సఫారీ సూటు, రెగ్జిను బ్యాగు. గొడ్డలి నా చేతిలోంచి జారి కాలి పక్కన పడింది.

"కానియ్యి, ఆపకు," అన్నాడు హెడ్మాస్టరు. "చూసి రమ్మన్నదే గిది."

అమ్మ ఉరుకుతూ వచ్చి మంచం వాల్చింది. ఆయన నీళ్లు తాగి, మెల్లగా చెప్పుకొచ్చాడు.

"ఇంటికి పోయి జరిగింది మొత్తం చెప్పిన. నా బిడ్డ అరుణ ఏమన్నదో తెలుసా? నాయినా, ఆయన నోట్లె ఒక్క నిజం గూడ రాదని నీకు చెప్పిందెవరు అన్నది. ఆయనే అన్న. మరి గా మాట ఆయన నోట్లెకెల్లి వొచ్చిందే గద, నిజమెట్లయితది అన్నది."

నేను తల గోక్కున్నాను. ఆయన కూడా గోక్కున్నాడు.

"నాకు గూడ జెర సేపు పట్టింది. గా మాట నిజమైతే గదే అబద్ధమైతది. అందుకని గది అబద్ధమే. అబద్ధమైతే, పిలగాడు అప్పుడప్పుడన్న నిజం చెప్తడన్నట్టు. ఇగ చెప్పినదాంట్ల ఏది నిజమో ఏరుకుంటే సరిపాయె అన్నది. పప్పుల రాళ్లు ఏరినట్టు కూసుండి ఏరింది."

"ఏరితే ఏం దొరికింది అన్నా?" అంది అమ్మ.

"కట్టెలు దొరికినయమ్మా. తనను తాను అంతగనం తిట్టుకున్నోడు అమ్మ మాట కాడికి వొచ్చేసరికి ఎందుకు ఆగిండు నాయినా, గక్కడ అబద్ధం చెప్పనీకి ఆయనకు నోరు రాలే అన్నది. ఆయితారం చెప్పకుంట పో, గొడ్డలి చప్పుడు వినబడితే సంబంధం ఖాయం చెయ్యి, వినబడకపోతే అటుకెల్లి అటే తిరిగిరా అన్నది. ఊరి మొగదల్నే వినబడింది."

అమ్మ కొంగుతో కళ్లు ఒత్తుకుంది. మరుక్షణమే ఆమెకు అసలు సంగతి గుర్తొచ్చింది. "నా కొడుకు తాగుతడని ఎవడన్నడు? ఆడు గిలాసెడు మజ్జిగ తాగితేనే మబ్బొచ్చి పడుకుంటడు!"

"ఆయనే అన్నడమ్మా," అన్నాడు హెడ్మాస్టరు, మొదటిసారి నవ్వుతూ.

అట్లా నా పెళ్లి అయింది. పెళ్లయ్యాక అరుణ నాకు తప్పిపోయిన పాఠం చెప్పింది. ఆఫీసరు సీసాలో నీళ్లు పడతాడు, నిజమే. పట్టిన ప్రతివాడూ ఆఫీసరు కాడు, అత్తగారింటి మనిషి కూడా కావచ్చు. నేను బుద్ధిగా విని, తల ఊపి, అందులో నాకు నచ్చిన చివరి ముక్క ఒక్కటే గుర్తుపెట్టుకున్నాను.

ఏడాది తిరిగిందో లేదో, ఒకరోజు ఖాజా భాయ్ హోటలు దగ్గర ఒకాయన నల్లా కింద సీసా పెట్టి కనబడ్డాడు. నాకు ప్రాణం లేచొచ్చింది. ఆ రోజుల్లో ప్రభాకర్‌కు సంబంధాలు చూస్తున్నారు. పరుగున వెళ్లి ఆయనకు చాయ్ ఇప్పించాను.

"ప్రభాకర్ గురించే గద సార్? ల్యాబుల ఆయనకు తెల్వని ముచ్చట లేదు. ప్రాణం పోయినా అబద్ధమాడడు. ఎప్పుడు పిలిస్తే అప్పుడొస్తడు. మీరు కండ్లు మూసుకొని నమ్ముకోండ్రి."

ఆయన పొంగిపోయాడు. "గిసొంటోడి కోసమే చూస్తున్నం. పూర్తి పేరు చెప్పు."

పూర్తి పేరు చెప్పాను. ముహూర్తం ఎప్పుడని కూడా అడిగాను. ఆయన విచిత్రంగా చూసి, కాగితం పంపిస్తామన్నాడు. వచ్చిన కాగితానికి నాలుగు మూలలా పసుపు లేదు, కింద కోర్టువారి గుండ్రటి ముద్ర ఉంది. పాపం ప్రభాకర్ ఎన్నిసార్లు సంగారెడ్డి తిరిగాడో వాడికే తెలియాలి. అడిగినదానికల్లా నిజమే చెప్పాడు, ఆ నిజంలో కంపెనీ తప్పేమీ తేలలేదు కాబట్టి వాడి ఉద్యోగానికి ఏమీ కాలేదు. కానీ ఎండాకాలమంతా నాతో మాట్లాడలేదు. హోటల్లో నా ముందున్న ఉప్పు కావాలన్నా ఖాజా భాయ్‌తో చెప్పించేవాడు.

ఆ కాగితం వచ్చిన రోజు సాయంత్రం నేను వంటింట్లోకి వెళ్లి, పొయ్యి మీద ఉడుకుతున్న పప్పు సాక్షిగా, చెయ్యి ముందుకు చాపి గంభీరంగా ప్రమాణం చేశాను. ఇక మీదట ఎవరు ఏ సీసా పట్టుకొచ్చినా దాని అర్థం నేను వెతకను. ఎవరినీ పొగడను, ఎవరినీ తిట్టను, నన్ను అసలే తిట్టుకోను. నేల తడిస్తే తుడుస్తాను తప్ప ఎందుకు తడిసిందని అడగను. ఇది సత్యం, ఇది సత్యం, ముమ్మాటికీ సత్యం.

అరుణ గరిటె తిప్పుతూనే వింది.

"మంచిగనే ఉన్నది," అంది. "గీ ఒట్టు వెట్టింది ఎవరు?"

"నేనే."

"ఒక్క నిజం గూడ నోట్లెకెల్లి రాదని మా నాయినకు చెప్పినాయనేనా?"

నేను లోపలి అర్థం కోసం వెతకబోయి, అప్పుడే వేసిన ఒట్టు గుర్తొచ్చి, పళ్లెం తెచ్చుకుని పీట మీద కూర్చున్నాను.